ఇనీషియల్ వెనక ఇంటిపేరు: ఊరూ అర్థమూ వెతుక్కోవడం ఎలా

‘మా ఇంటిపేరుకి అర్థం ఏంటండీ?’ అని చెన్నైలోని తెలుగువాళ్లు అడుగుతూనే ఉంటారు. చాలామంది పంపేది పేరు ఒక్కటే, అదీ ఇంగ్లీషు అక్షరాల్లో. కొందరి దగ్గర అదీ ఉండదు, ఒక ఇనీషియల్ మాత్రం మిగిలి ఉంటుంది. అంత మాత్రం పట్టుకుని ఎవరు ఏ అర్థం చెప్పినా అది ఊహే. తెలుగు ఇంటిపేర్లలో ఎక్కువ భాగం ఊళ్ల పేర్లు కాబట్టి ముందు ఊరు దొరకాలి, అర్థం ఆ తర్వాత. ఈ వరస తిరగేసినందుకే సగం తప్పులు జరుగుతాయి.

పేర్ల అర్థాలు చెప్పే వెబ్‌సైట్ల జోలికి మొదట్లోనే వెళ్లకండి. వాటిలో ఏ పేరు కొట్టినా ధైర్యవంతుడు, సంపన్నుడు, దైవభక్తుడు అనే వస్తుంది.

ముందు ఇవి పోగుచేసుకోండి

మూడు తరాల పెళ్లి పత్రికలు, తాతగారి ఎస్సెస్సెల్సీ పుస్తకం, ఇంటి దస్తావేజులు, ఉంటే పాత విల్లంగం సర్టిఫికెట్ (ఆస్తి చేతులు మారిన వివరాలు చూపే ఈసీ). పాత తమిళ పత్రాలు చదివిపెట్టే మనిషి ఒకరు. ఫోన్లో రికార్డర్. అన్నిటికంటే ముఖ్యం, డెబ్బై దాటిన బంధువు. కాగితాలు వచ్చే నెల వెతుక్కున్నా ఫరవాలేదు. పెద్దవాళ్లతో మాత్రం ఈ వారమే మాట్లాడండి.

వాళ్లను ‘మన ఇంటిపేరుకి అర్థం ఏమిటి’ అని అడగొద్దు. అలా అడిగితే అప్పటికప్పుడు ఏదో ఒకటి చెప్తారు. ‘పుట్టువెంట్రుకలు ఎక్కడ తీయించేవాళ్లు? మీ అమ్మగారి పుట్టింటివారి ఇంటిపేరు ఏమిటి? మనకు ఎవరెవరితో వియ్యం ఉండేది? పొలం ఎక్కడ ఉండేది?’ అని అడగండి. ఈ నాలుగు ప్రశ్నలకు వచ్చిన జవాబులే ముందు ముందు పనికొస్తాయి.

1. ఆ ఇనీషియల్ దేనిదో తేల్చుకోండి

తమిళనాట ఇనీషియల్ అంటే మామూలుగా తండ్రి పేరు. రెండు ఉంటే మొదటిది ఊరు, రెండోది తండ్రి పేరు కావచ్చు. సి.ఎన్. అణ్ణాదురైలో సి అంటే కాంజీవరం, ఎన్ అంటే తండ్రి నటరాజన్. తెలుగువాళ్లకు మొదటి ఇనీషియల్ ఇంటిపేరు. ఒకే ఊళ్లో రెండు పద్ధతులూ పక్కపక్కన నడవడంతో చెన్నై తెలుగు కుటుంబాల్లో ఇవి కలిసిపోయాయి. తాతకు ఇంటిపేరు ఇనీషియల్, తండ్రికి రెండూ, పిల్లలకు తండ్రి పేరు ఒక్కటే. ఇలాంటి ఇళ్లు పురసవాకంలోనూ పెరంబూరులోనూ ఎన్నో కనిపిస్తాయి.

ఒక ఇనీషియల్‌కి ఒక మాట అనుకోవడం ఇక్కడ ఎక్కువగా జరిగే పొరపాటు. ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం గారి పేరులో రెండు అక్షరాలూ కలిపి ఇంటిపేరే: శ్రీపతి పండితారాధ్యుల. వి.వి. గిరి గారి పేరులో మొదటి వి ఒక్కటే ఇంటిపేరు, వరాహగిరి. రెండో వి వెంకట, అది పెట్టిన పేరులో భాగం. పైకి చూస్తే రెండు పేర్లూ ఒకే తీరుగా ఉన్నాయి.

తేల్చుకోవడం సులువే. తాతగారు, ఆయన అన్నదమ్ములు, వాళ్ల కొడుకులు, అందరి పూర్తి పేర్లూ ఒక కాగితం మీద రాయండి. అన్నదమ్ముల పిల్లలకు కూడా ఉమ్మడిగా ఉన్న అక్షరమే ఇంటిపేరు. తండ్రిని బట్టి మారిపోయేది కాదు.

పెళ్లి పత్రికలు తీసి పెట్టమన్నది ఇందుకే. పసుపు మరకలతో అంచులు చిరిగిన పాత పత్రికైనా సరే, ‘కీర్తిశేషులు ఫలానా వారి పౌత్రుడు, ఫలానా వారి పుత్రుడు’ అనే వాక్యం చూడండి. స్కూలు రికార్డులో పోయిన ఇంటిపేరు అక్కడ నిండుగా ఉంటుంది. అదే పత్రికలో కింద ‘ఆహ్వానించువారు’ దగ్గరున్న పేర్లు, అవతలి వైపువారి ఇంటిపేరు, ఊరు కూడా రాసుకోండి. ఆరో మెట్టులో కావాలి.

2. పట్టం పేరునీ (కులాన్నో హోదానో చెప్పే పేరు) గోత్రాన్నీ పక్కన పెట్టండి

నాయుడు, రెడ్డి, చెట్టి, రావు, శాస్త్రి, పంతులు, ఇవేవీ ఇంటిపేర్లు కావు. పాస్‌పోర్టులో సర్‌నేమ్ గడి నింపాల్సి వచ్చి చాలామంది వీటిని అక్కడ రాశారు. ఇప్పుడు వాళ్ల పిల్లలు అదే ఇంటిపేరు అనుకుంటున్నారు.

మనం ఉంటున్న ఊరి పేరే దీనికి మంచి ఉదాహరణ. 1639లో ఈస్టిండియా కంపెనీకి ఇక్కడ స్థలం ఇచ్చినవాళ్లు దామర్ల వెంకటాద్రి నాయకుడు, ఆయన సోదరులు. వాళ్ల తండ్రి దామర్ల చెన్నప్ప నాయకుడి పేరు మీదే చెన్నపట్నం అయిందని చెప్తారు. ఇందులో దామర్ల ఇంటిపేరు, చెన్నప్ప పెట్టిన పేరు, నాయకుడు పట్టం. మీ ముత్తాత పేరు కూడా ఇలాగే మూడు ముక్కలు చేసి చూడండి.

గోత్రం వేరు, ఇంటిపేరు వేరు. ఒకే గోత్రంలో వందల ఇంటిపేర్లుంటాయి. గోత్రాన్ని బట్టి ఊరు దొరకదు.

దత్తత, ఇల్లరికం సంగతి కూడా ఇప్పుడే అడిగేయండి. తాతగారు దత్తు వెళ్లి ఉంటే మీరు వెతుకుతున్న ఇంటిపేరు ఊరికీ మీ రక్తసంబంధం ఉన్న ఊరికీ పొత్తు ఉండదు. రెండూ వెతుక్కోవచ్చు, కలపకూడదు.

3. తెలుగులో సరైన రూపం పట్టుకోండి

చెన్నైలో ఉన్నవాళ్లకు అసలైన తలనొప్పి ఇక్కడే. తమిళ లిపిలో క, గ లకు ఒకే అక్షరం. ట, డ లకు ఒకటే. త, ద లకు ఒకటే. ప, బ లకూ ఒకటే. గుంటూరును తమిళంలో రాసి చదివితే గుండూరు అవుతుంది. మీ ఇంటిపేరు తెలుగు నోటి నుంచి తమిళ రిజిస్టరుకీ, అక్కడి నుంచి ఇంగ్లీషు సర్టిఫికెట్‌కీ ఎక్కింది అనుకోండి, రెండుసార్లు రూపం మారి ఉంటుంది. పైగా తమిళులు ఇంగ్లీషులో త కోసం టీ, హెచ్ రెండూ రాస్తారు, మన వైపు ఒత్తు తకు అలా రాస్తారు. ఇవన్నీ చాలనట్టు న్యూమరాలజీ పేరుతో ఎవరో ఒక ఏ, ఒక హెచ్ అదనంగా చేర్చి ఉంటారు.

చేయాల్సింది ఇది. సర్టిఫికెట్‌లో ఉన్న రూపం రాసి, క ఉన్నచోట గ, త ఉన్నచోట ద, ట ఉన్నచోట డ, ప ఉన్నచోట బ పెట్టి వీలైన రూపాలన్నీ తెలుగులో రాయండి. ల, ళ, న, ణ కూడా మార్చి చూడండి. ఆరేడు రూపాలు వస్తాయి. ఆ కాగితం పెద్దావిడ చేతికి ఇచ్చి చదవమనకండి. మీరే ఒక్కొక్కటీ పలకండి, ఆవిడ ‘కాదు కాదు’ అని సరిచేస్తుంది. ఆ సరిచేసిన పలుకును రికార్డు చేసుకోండి.

తెలుగు రాని తరం అయితే పాత దస్తావేజు చివర సంతకం చూడండి. పత్రం తమిళంలోనో ఇంగ్లీషులోనో ఉన్నా, సంతకం తెలుగులో చేసిన తాతలు చాలామంది ఉన్నారు.

4. చివరి మాట చూసి ఏ రకమో గుర్తుపట్టండి

ఊరి పేరు ఇంటిపేరు అయ్యేటప్పుడు చివర కొంచెం మారుతుంది. ‘ఆ ఊరి’ వాళ్లు అని చెప్పే రూపం అది. దాన్ని వెనక్కి తిప్పితే ఊరి పేరు వస్తుంది:

- ఊరి → ఊరు: కందుకూరి – కందుకూరు, టంగుటూరి – టంగుటూరు, వేమూరి – వేమూరు
- పాటి → పాడు: గరికపాటి – గరికపాడు
- ఏటి → ఏరు: ఇది నది, వాగు పేరు మీద వచ్చింది
- వరపు → వరం, పురపు → పురం: ఏలేశ్వరపు – ఏలేశ్వరం
- పర్తి → పర్రు, మర్తి → మర్రు
- పల్లి, పూడి, లంక, కొండ, గుంట: ఇవి మామూలుగా మారవు

చివర ‘ని’ గానీ ‘ల’ గానీ వస్తే అది ఒక పూర్వీకుడి పేరో, చేసిన పనో కావచ్చు. మైలాపూరులో నాగేశ్వరరావు పార్కు ఎవరి పేరు మీద ఉందో ఆయన ఇంటిపేరు కాశీనాథుని. అంటే కాశీనాథుడు అనే ఆయన వంశంవారని. సోమయాజుల, అవధానుల, వేదుల వంటివి చదువునీ యజ్ఞాలనీ చెప్తాయి. రాయసం అంటే రాతకోతల ఉద్యోగం, ప్రగడ అంటే మంత్రి, కరణం అంటే మీకు తెలిసిందే.

మనిషి ఆకారాన్ని బట్టి వచ్చినవీ ఉన్నాయి, కానీ అవి మొదట ఎవరికి పెట్టారో వాళ్లకే వర్తిస్తాయి. పొట్టి శ్రీరాములు గారి పేరులో పొట్టి ఇంటిపేరు. ఆయన ఎత్తుతో దానికి పని లేదు.

ఊరి పేరును ఇంటిపేరుగా పెట్టుకోవడం మన ఒక్కరి పద్ధతి కాదు. మరాఠీ, కొంకణి వాళ్ల ‘కర్’ అదే: గోవాలోని మంగేశి నుంచి మంగేష్కర్. తమిళుల లాగా తండ్రి పేరుతో సరిపెట్టుకునేవాళ్లు ఐస్‌లాండ్‌లో ఉన్నారు. పార్సీలైతే ఇంజనీర్, కాంట్రాక్టర్ అని చేసే పనినే పెట్టేసుకున్నారు. పక్కింటివాళ్ల పేరు వెతకాలన్నా ముందు అది ఏ రకమో చూడాల్సిందే.

5. మ్యాప్‌లో వెతకండి

మార్చిన రూపంతో వెతకండి. గరికపాటి అని కొడితే మనుషులు వస్తారు, గరికపాడు అని కొడితే ఊరు వస్తుంది. జగ్గయ్యపేట దగ్గర ఒక గరికపాడు ఉంది, అయితే అదొక్కటే కాదు. తెలుగులోనూ ఇంగ్లీషులోనూ వెతకండి, పోస్టాఫీసు పిన్‌కోడ్ జాబితాలోనూ జనగణన గ్రామాల జాబితాలోనూ చూడండి. దొరికిన ఊళ్లన్నీ రాసుకోండి. మొదట కనిపించినదాన్ని పట్టుకుని ఆగిపోవద్దు.

పాత కాగితంలో జిల్లా పేరు వేరేగా ఉందని కంగారు పడకండి. గుంటూరు జిల్లా ఏర్పడింది 1904లో. ఒంగోలు కేంద్రంగా జిల్లా వచ్చింది 1970లో. అంతకు ముందు కందుకూరు నెల్లూరు జిల్లాలో ఉండేది. తిరుత్తణి 1960 దాకా ఆంధ్రలో ఉంది. పత్రం ఏ సంవత్సరానిదో చూసి అప్పటి జిల్లాతో పోల్చండి.

6. వాటిలో మీ ఊరు ఏదో తేల్చండి

కొత్తపల్లి అనే ఊళ్లు తెలుగు నేలలో లెక్కలేనన్ని ఉన్నాయి. పేరు కలిసినంత మాత్రాన అది మీ ఊరు కాదు. ఇక్కడ పనిచేసేవి రెండు.

మొదటిది వియ్యం. పత్రికల్లోంచి, పెద్దవాళ్ల మాటల్లోంచి తీసిన ఇంటిపేర్లు ఉన్నాయి కదా: నానమ్మ పుట్టింటివారు, ముత్తవ్వ పుట్టింటివారు, మేనత్తలను ఇచ్చినవారు. ఆ ఇంటిపేర్లన్నిటికీ నాలుగు, ఐదు మెట్లు మళ్లీ చేసి ఊళ్లు గుర్తించండి. పాతకాలంలో పిల్లను బండి కట్టుకుని పోయే దూరంలోనే ఇచ్చేవాళ్లు. ఐదారు ఇంటిపేర్ల ఊళ్లు ఒకే తాలూకాలో గుమిగూడితే, ఆ పక్కనే ఉన్న కొత్తపల్లి మీది అయ్యే అవకాశం చాలా ఎక్కువ. చెల్లాచెదురుగా ఉంటే ఇంకో తరం వెనక్కి వెళ్లండి. నాకు తెలిసి ఇంతకన్నా మంచి పద్ధతి లేదు, పైసా ఖర్చు లేదు. ఇందులో పనికొచ్చేవన్నీ ఆడవాళ్ల పుట్టింటి పేర్లే, కాగితాల్లోంచి మొదట పోయేవీ అవే.

రెండోది ఇలవేల్పు. తిరుపతి అయితే సాక్ష్యంగా పనికిరాదు, అందరూ వెళ్తారు. చిన్న గుడి కావాలి. పెంచలకోన నరసింహస్వామికి మొక్కులుంటే నెల్లూరు వైపు చూడండి. పేరు వినని ఏ గ్రామదేవతకో ఏటా డబ్బు పంపే అలవాటు ఇంట్లో ఉంటే మరీ మంచిది, ఆ మనియార్డరు రసీదు మీద ఊరి పేరు ఉంటుంది.

ఇంటిపేరు ఉన్న ఊరూ, పుట్టిన ఊరూ ఒకటే కావాలని లేదు. సర్వేపల్లి రాధాకృష్ణన్ 1888లో పుట్టింది తిరుత్తణిలో. సర్వేపల్లి నెల్లూరు జిల్లాలో ఉంది. పూర్వీకులు అక్కడి నుంచి వచ్చారు. ఊరు వదిలి బయటికి వచ్చాకే ఆ ఊరి పేరుతో పిలవడం మొదలవుతుంది. సర్వేపల్లిలో ఉన్నంతకాలం అందరూ సర్వేపల్లి వాళ్లే కదా.

నాయకరాజుల కాలంలోనే మధురై, తంజావూరు వైపు వచ్చి స్థిరపడ్డ కుటుంబాలకు ఈ మెట్టు కష్టం. వియ్యాలన్నీ తమిళ జిల్లాల్లోనే జరిగి ఉంటాయి. మీరు ఊరిని వదిలేసి, ఏ జిల్లా మాండలికం మాటలు ఇంట్లో మిగిలాయో, ఏ దేవుడు మిగిలాడో దానితో ప్రాంతం వరకు తేల్చుకుంటే చాలు.

7. ఇప్పుడు అర్థం

ఊరు దొరికింది కాబట్టి ఊరి పేరును విడగొట్టండి. వేమూరులో వేము అంటే వేప. ముళ్ళపూడిలో ముళ్లు, పూడి అంటే ఊరు. చింతలపూడిలో చింతచెట్లు. తాడేపల్లిలో తాడిచెట్లు. చెట్టు, నీరు, నేల, మనిషి పేరు, ఎక్కువ ఊళ్లు ఈ నాలుగింటిలో ఒకదానికి వస్తాయి.

ఇప్పటి వాడుకను బట్టి అర్థం చెప్పుకోకండి. ఊరి పేర్ల చివర పాడు అంటే ఊరే, పాడైపోవడం కాదు. పెంట అని ఉంటే సిగ్గుపడి పేరు మార్చుకున్నవాళ్లున్నారు. నల్లమలలో చెంచుల గూడేలను ఇప్పటికీ పెంటలనే అంటారు. నిఘంటువు చూడండి. బ్రౌన్ తెలుగు–ఇంగ్లీషు నిఘంటువు 1852లో మద్రాసులోనే అచ్చయింది. శబ్దరత్నాకరం 1885 నాటిది. రెండూ ఆంధ్రభారతి సైట్‌లో వెతుక్కోవచ్చు.

వినడానికి అందంగా ఉన్న అర్థాన్ని ఒకటికి రెండుసార్లు అనుమానించండి. ఘంటసాల అంటే గంటలున్న శాల అని ఎవరైనా ఇట్టే చెప్పేస్తారు. ప్రాచీన శాసనాల్లో ఆ ఊరి పేరు కంటకసేల. గ్రీకు భూగోళవేత్త టాలెమీ రాసిన రేవుపట్నం పేరు కూడా దానికి దగ్గరగానే ఉంది. గంటలు తర్వాత వచ్చి చేరాయి.

ఒక్కోసారి ఊరూ పనీ ఒకే మాటలో ఉంటాయి. కావలి అంటే కాపలా. నెల్లూరు జిల్లాలో కావలి అనే ఊరూ ఉంది. మీది ఏదో ఆరో మెట్టులో వచ్చిన ప్రాంతమే చెప్తుంది. నిఘంటువు చెప్పదు.

8. లైబ్రరీకి వెళ్లేటప్పుడు

ఈ పనికి చెన్నైలో ఉండటం మన అదృష్టం. కోట్టూర్‌పురంలో అణ్ణా శతజయంతి గ్రంథాలయం భవనంలో ఉన్న ప్రభుత్వ ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారంలో కంపెనీ కాలపు సర్వేయర్ కల్నల్ మెకంజీ సేకరించిన తెలుగు కైఫియత్తులు ఉన్నాయి. ఊరు ఎలా పుట్టింది, ఎవరు కరణాలు, ఏ గుడికి ఏ మాన్యం అని ఊరివాళ్లు చెప్పినవి రాయించిన కాగితాలు అవి. కొన్ని జిల్లాలవి అచ్చులో కూడా దొరుకుతాయి. చేతిరాత చదవలేనివాళ్లు అచ్చువే అడగండి. ఎగ్మూరులో కన్నెమరా లైబ్రరీ, తమిళనాడు ఆర్కైవ్స్ ఉన్నాయి. నెల్లూరు వైపువాళ్లు 1873 నాటి నెల్లూరు మాన్యువల్ (జిల్లా వివరాల పుస్తకం), 1905లో బటర్‌వర్త్, వేణుగోపాల చెట్టి ప్రచురించిన నెల్లూరు శాసనాల సంపుటాలు అడగండి. కృష్ణా జిల్లావాళ్లకు 1883 నాటి మాన్యువల్ ఉంది.

ఊరి పేరు, తాలూకా, జిల్లా రాసిన చీటీ లేకుండా వెళ్తే రోజంతా వృథా. ఇంటిపేరు చెప్పి ఏదైనా ఇవ్వమంటే ఎవరూ ఏమీ ఇవ్వలేరు. పుస్తకాలన్నీ ఊళ్ల ప్రకారమే ఉంటాయి.

1909లో థర్‌స్టన్ ఏడు సంపుటాలుగా తెచ్చిన కులాల పుస్తకంలో ఇంటిపేర్ల జాబితాలున్నాయి. మీ పేరు అక్కడ కనిపిస్తే సంతోషించండి, కానీ పక్కన రాసిన అర్థాన్ని మాత్రం మక్కికి మక్కి దించుకోవద్దు. ఊరితో సంబంధం లేకుండా మాటకు మాట పెట్టినవే ఎక్కువ.

9. సరిచూసుకోండి

మీరు చెప్తున్న ఊరికి కనీసం రెండు వేరు వేరు ఆధారాలుండాలి. వియ్యాలూ ఇలవేల్పూ, లేదా దస్తావేజూ పెద్దావిడ మాటా. ఇద్దరు బంధువులు ఒకే కథ చెప్తే అది రెండు ఆధారాలు కాదు, ఒకరి దగ్గర ఇంకొకరు విన్నదే అయ్యుంటుంది. ‘ఏదో రాజుగారు మెచ్చి ఇచ్చిన బిరుదు’ అనే కథ దాదాపు ప్రతి ఇంట్లోనూ ఉంది. శాసనమో సన్నదో (పాలకులు ఇచ్చిన హక్కు పత్రం) చూపిస్తే తప్ప దాన్ని కథగానే రాసుకోండి.

వీలైతే ఆ ఊరికి ఫోన్ చేయండి. పంచాయతీ ఆఫీసు, గుడి పూజారి, పోస్టుమాస్టరు, ఎవరైనా సరే. ‘మా ఇంటిపేరువాళ్లు అక్కడ ఉన్నారా’ అని అడగకండి. ఊరు వదిలినవాళ్లకే ఆ ఇంటిపేరు ఉంటుంది కాబట్టి లేరనే చెప్తారు. వియ్యాలవారి ఇంటిపేర్లు చెప్పి, వాళ్లు చుట్టుపక్కల ఉన్నారా అని అడగండి.

మరొకటి. అదే ఇంటిపేరు ఉన్నవాళ్లందరూ మీ చుట్టాలు కారు. ఒకే ఊరి నుంచి బయల్దేరిన వేరు వేరు కులాలవాళ్లు అదే ఇంటిపేరు పెట్టుకున్నారు. ఫేస్‌బుక్‌లో పేరు కలిసిందని వంశవృక్షంలో ఎక్కించేయకండి.

10. కాగితాల్లోకి ఎక్కించాలంటే

కొందరికి ఇంటిపేరు దొరికాక పిల్లల పేరులో చేర్చాలనిపిస్తుంది. తమిళనాడు ప్రభుత్వ గెజిట్‌లో పేరు మార్పు ప్రకటన వేయించుకుని, దాని ఆధారంగా ఆధార్, పాన్, పాస్‌పోర్టు అన్నీ మార్పించుకోవాలి. ఒక్క ఆధార్‌లో మార్చి మిగతావి వదిలేస్తే వీసా దగ్గరో బ్యాంకులోనో ఇరుక్కుంటారు. ప్లస్ టూ పరీక్షల సంవత్సరంలో ఈ పని పెట్టుకోకండి, ఉన్న టెన్షన్ చాలు. గెజిట్‌కి ఇచ్చే ఇంగ్లీషు స్పెల్లింగ్ ముందే ఇంట్లో అందరూ కలిసి ఒకటి ఖాయం చేసుకోండి. అన్నదమ్ములు తలా ఒక రకంగా రాయించుకుంటే మీ మనవలు మళ్లీ మూడో మెట్టు దగ్గర మొదలుపెట్టాలి.